ఒకే ఊరి మీద ఎన్ని గీతలు: ఆసిఫాబాద్ జిల్లా జనాభానూ పాలననూ చదివే పద్ధతి

2011 జనగణన నాటికి కుమురం భీం ఆసిఫాబాద్ పేరుతో జిల్లా లేదు. ఉన్నది 52 మండలాల ఆదిలాబాద్ జిల్లా. దాని జనాభా 27,41,239. 2016 అక్టోబరు 11న తెలంగాణలో జిల్లాలు 10 నుంచి 31కి పెరిగినప్పుడు ఆ ఒక్క జిల్లా నాలుగైంది. జనం కూడా కాగితం మీద నాలుగు వాటాలయ్యారు: ఆదిలాబాద్‌కు 7,08,972, మంచిర్యాలకు 8,07,037, నిర్మల్‌కు 7,09,418, ఆసిఫాబాద్‌కు 5,15,812. నాలుగూ కూడి చూడండి, పాత మొత్తం ఒక్క మనిషి తేడా లేకుండా వస్తుంది. ఇందులో వింతేమీ లేదు. ఈ అంకెలు కొత్త జిల్లాలో ఇల్లిల్లూ తిరిగి తెచ్చినవి కావు. 2011లో ఊరివారీగా రాసిన లెక్కల్ని కొత్త హద్దుల ప్రకారం మళ్ళీ కూడినవి.

ఇక్కడి బడి, ఆసుపత్రి, రోడ్డు, సర్పంచి సీటు, రేషన్ కోటా అన్నీ ఏదో ఒక జనాభా లెక్క మీదే నడుస్తాయి. ఆ లెక్క ఏ హద్దుకు కట్టినదో చూడకుండా వాడటం వల్లే సగం గొడవలు వస్తున్నాయి. పౌరులకైనా విలేకరులకైనా, కొత్తగా వచ్చిన అధికారికైనా ముందుగా తెలియాల్సింది ఈ సంగతి. జిల్లా అంటే ఒకే గీత కాదు. ఒక్క గూడెం మీదుగా అరడజను గీతలు పోతాయి, ఏ రెండూ ఒకదానితో ఒకటి పూర్తిగా కలవవు.

మొదట జిల్లా రూపురేఖలు. విస్తీర్ణం 4,878 చదరపు కిలోమీటర్లు, జనసాంద్రత 106. నూటికి 83 మంది పల్లెల్లోనే ఉంటారు. అక్షరాస్యత 56.72 శాతం. అదే ఏడాది రాష్ట్ర సగటు 66 దాటింది. ప్రతి వెయ్యి మంది మగవాళ్ళకు 998 మంది ఆడవాళ్ళు. షెడ్యూల్డ్ తెగలవారు నూటికి 26 మంది దాకా, షెడ్యూల్డ్ కులాలవారు 16 మంది దాకా ఉన్నారు. మండలాలు 15. పడమటి వైపు ఆసిఫాబాద్ డివిజన్‌లో ఆసిఫాబాద్, రెబ్బెన, తిర్యాణి, వాంకిడి, కెరమెరి, జైనూర్, లింగాపూర్, సిర్పూర్-యు ఉన్నాయి. తూర్పున ప్రాణహిత వైపు కాగజ్‌నగర్ డివిజన్‌లో కాగజ్‌నగర్, సిర్పూర్-టి, కౌటాల, చింతలమానెపల్లి, బెజ్జూర్, పెంచికల్‌పేట్, దహెగాం ఉన్నాయి.

జిల్లా సగటు చూసి ఈ రెండు డివిజన్లనూ ఒకే గాటన కట్టకూడదు. ఆదివాసీల శాతం 26 అన్నది లెక్కకు నిజమే, నేల మీద మాత్రం అలాంటి మండలం వెతికినా దొరకదు. జైనూర్, సిర్పూర్-యు, లింగాపూర్, తిర్యాణి, కెరమెరి కొండల్లో గోండులు, కొలాములు, పర్ధాన్లు, తోటీలు, నాయకపోళ్ళు, వాళ్ళ పక్కనే లంబాడీ తండాలు. ప్రాణహిత వైపు ఆ వాటా బాగా తగ్గుతుంది. అటు ఆరెలు, దళితులు, బీసీ కులాలు ఎక్కువ. కాగజ్‌నగర్ మండలంలోని ఈస్‌గాం, నజ్రుల్‌నగర్ చుట్టుపక్కల తూర్పు పాకిస్తాన్ నుంచి వచ్చి స్థిరపడిన బెంగాలీ కుటుంబాలున్నాయి. రెబ్బెన మండలంలోని గోలేటి సింగరేణి ఊరు. గోండి, కొలామీ, లంబాడీ, మరాఠీ, ఉర్దూ, బెంగాలీ, తెలుగు వినిపించే జిల్లాను ఒక్క సగటుతో చెప్పబోతే ఎవరి సంగతీ చెప్పినట్టు కాదు.

ఊరంటే ఏ ఊరు?

జనాభా లెక్కల్లో ‘గ్రామం’ అంటే రెవెన్యూ గ్రామం, అంటే సర్వే నంబర్లూ పటమూ ఉన్న భూభాగం. దాని లోపల నాలుగు గూడేలున్నా, రెండు తండాలున్నా జనగణన పట్టికలో ఒక్క వరుసే వస్తుంది. గ్రామ పంచాయతీ వేరు. అది ఒక రెవెన్యూ గ్రామమంతా కావచ్చు, రెండు మూడు గ్రామాలు కలిసినది కావచ్చు, ఒకే గ్రామంలో ఒక ముక్కా కావచ్చు. ఆవాసం మూడోది. జనం నిజంగా కాపురముండే గుంపు అదే, ముప్పై ఇళ్ళ కొలాం గూడెం ఆ కోవలోకే వస్తుంది. జనగణన ప్రచురించే పట్టికలో ఆ గూడేనికి విడిగా అంకె ఉండదు.

ఇది పుస్తకాల్లోని సూక్ష్మం కాదు, డబ్బుతో ముడిపడిన విషయం. ప్రధానమంత్రి గ్రామీణ సడక్ యోజన రోడ్డుకు కనీస జనాభా మైదానంలో 500, గిరిజనుల రక్షణకు రాజ్యాంగం కింద గుర్తించిన షెడ్యూల్డ్ ప్రాంతంలో 250. ఆ లెక్క ఆవాసానిది, మొదట్లో 2001 జనాభాను బట్టి, 2024లో ఆమోదం పొందిన నాలుగో దశలో 2011 జనాభాను బట్టి తీసుకున్నది. అంగన్‌వాడీకి గిరిజన ప్రాంతంలో 300 నుంచి 800 మందికి ఒక కేంద్రం, 150 నుంచి 300 మందికి మినీ కేంద్రం. కొలాములూ తోటీలూ ప్రత్యేకించి బలహీనమైన గిరిజన సమూహాల జాబితాలో ఉన్నారు. వాళ్ళ కోసం 2023 నవంబరు 15న మొదలైన పీఎం జన్‌మన్ పథకంలో రోడ్డుకు 100 మంది ఉన్నా చాలు. ఈ మూడు పథకాల్లో దేనికి అర్జీ పెట్టినా రెవెన్యూ గ్రామం జనాభా చూపిస్తే పని జరగదు, గూడెం జనాభా చూపాలి. అది ఉండేది అంగన్‌వాడీ కుటుంబ సర్వే రిజిస్టరులో, ఐటీడీఏ (సమగ్ర గిరిజనాభివృద్ధి సంస్థ) ఆవాసాల సర్వేలో, పంచాయతీ ఇంటి నంబర్ల జాబితాలో. ఈ మూడూ పక్కపక్కన పెట్టి చూస్తే తేడాలు కనిపిస్తాయి. అర్జీకి ముందే వాటిని సరిచేయించుకోవాలి, లేదంటే ఫైలు మొదటి పరిశీలనలోనే వెనక్కి వస్తుంది.

మండలాల లెక్కల్లో ఇంకో చిక్కుంది. లింగాపూర్, చింతలమానెపల్లి, పెంచికల్‌పేట్ 2016లో పాత మండలాలను చీల్చి చేసినవి. కాబట్టి 2011 జనగణన పుస్తకంలో కౌటాలకో సిర్పూర్-యుకో ఉన్న అంకెను నేటి అదే పేరున్న మండలానికి అంటగడితే తప్పు. కొత్త మండలం జనాభా రెండుసార్లు లెక్కలోకి వస్తుంది, పాత మండలంలో ఆసుపత్రి చాలట్లేదన్న వాదన అక్కడే కూలిపోతుంది. దీనికి ఒకటే మందు. మండలం పేరును పక్కనపెట్టి, ప్రతి రెవెన్యూ గ్రామానికీ 2011లో ఇచ్చిన ఆరంకెల గ్రామ కోడ్ పట్టుకోవాలి. నేటి మండలంలోని గ్రామాల జాబితా తహసీల్దారు కార్యాలయంలో తీసుకుని, ఆ కోడ్ల ఎదుట ఉన్న జనాభాను కూడుకోవాలి. పేరు రాయడంలో అక్షరం మారినా, ఒకే పేరుతో రెండు ఊళ్ళున్నా కోడ్ మారదు.

కొలత మారితే కొరత మారుతుంది

ప్రాథమిక ఆరోగ్య కేంద్రానికి జాతీయ ప్రమాణం మైదానంలో 30,000 మందికి ఒకటి, గిరిజన, కొండ ప్రాంతాల్లో 20,000 మందికి ఒకటి. ఉపకేంద్రానికి 5,000, 3,000. ఆసిఫాబాద్ 5,15,812 మందిని మైదానం కొలతతో భాగిస్తే 17 ఆరోగ్య కేంద్రాలు, 103 ఉపకేంద్రాలు చాలు. గిరిజన కొలతతో భాగిస్తే 26, 172 కావాలి. అదే జనం, అదే జిల్లా, ఉపకేంద్రాల్లోనే దాదాపు 70 తేడా. నిజమైన అవసరం ఈ రెంటి మధ్య ఎక్కడో ఉంటుంది, ఎందుకంటే జిల్లాలో కొంత షెడ్యూల్డ్ ప్రాంతం, కొంత కాదు. అందుకే జిల్లా మొత్తానికి ఒకే భాగహారం చేసి ‘మిగులు’, ‘కొరత’ అని ప్రకటించే పట్టికను నమ్మకూడదు. గ్రామాలవారీగా ఏ కొలత వర్తిస్తుందో విడగొట్టి కూడాలి.

ఆ తర్వాత దూరం. జనాభా సరిపోయినా వాగు అడ్డమైతే లెక్క సరిపోదు. వానాకాలంలో వాగులు పొంగితే కొండ గూడేలకు పది కిలోమీటర్ల దూరం కాస్తా ఒక రోజు ప్రయాణమవుతుంది. విద్యాహక్కు చట్టం ప్రాథమిక బడిని కిలోమీటరులోపు, ప్రాథమికోన్నత బడిని మూడు కిలోమీటర్లలోపు ఉంచమంది. ఆ కిలోమీటరును పటం మీద గీసి కొలిచి, మధ్యలో వాగుందన్న సంగతి వదిలేయడం ఇక్కడ మామూలుగా జరిగే తప్పు.

ఈ 5.15 లక్షల అంకెకూ వయసు మీదపడింది. ఆహార భద్రత చట్టం కింద రాష్ట్రానికి వచ్చే లబ్ధిదారుల పరిమితి ఇప్పటికీ 2011 జనాభాను బట్టే. ఆ తర్వాత పుట్టినవాళ్ళకు కార్డులో చోటు ఇవ్వాలంటే రాష్ట్రం తన ఖర్చుతో ఇవ్వాలి. కాగజ్‌నగర్‌నే చూడండి. నిజాం కాలంలో 1938లో పెట్టిన సిర్పూర్ పేపర్ మిల్లు 2014లో మూతపడి, 2018లో మళ్ళీ తెరుచుకుంది. 2011 లెక్క మిల్లు నడుస్తున్న నాటి పట్టణానిది. నడుమ నాలుగేళ్ళలో ఎవరు వెళ్ళారు, ఎవరు తిరిగొచ్చారు అన్నది ఆ అంకెలో కనిపించదు.

పాత లెక్కలు చదివేటప్పుడు ఇంకొక జాగ్రత్త కూడా ఉండాలి. 1976 సవరణ చట్టంతో తెగల గుర్తింపుకు ఉన్న ప్రాంతీయ పరిమితులు పోయాయి, తెలంగాణ ప్రాంతంలోని లంబాడీలు షెడ్యూల్డ్ తెగల జాబితాలో చేరారు. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 1971లో 16.58 లక్షలున్న గిరిజన జనాభా 1981కి 31.76 లక్షలైంది. పదేళ్ళలో పుట్టుకల వల్ల ఏ సమాజమూ అంత పెరగదు. జాబితా మారింది, దానికి వలసలు తోడయ్యాయి. ఆదివాసీలకూ లంబాడీలకూ మధ్య ఈ జిల్లాలో తలెత్తిన వివాదం మూలాలు తెలియాలంటే ఈ రెండు అంకెల మధ్య జరిగింది తెలియాలి.

కలెక్టరేట్ నుంచి గూడెం దాకా

కలెక్టరు కింద ఇద్దరు అదనపు కలెక్టర్లుంటారు. ఒకరు రెవెన్యూకు, ఇంకొకరు స్థానిక సంస్థలకు. 2020 నుంచి ఈ పద్ధతి నడుస్తోంది. చాలామంది తికమకపడేది ఇక్కడే. భూమి, కులం, ఆదాయం, నివాసం, రేషన్ రెవెన్యూ దారిలో పోతాయి: గిర్దావర్, తహసీల్దారు, ఆర్డీవో, అదనపు కలెక్టరు. వీధిదీపం, మురుగుకాలువ, ఇంటి నంబరు, జనన మరణాల నమోదు పంచాయతీ దారిలో: పంచాయతీ కార్యదర్శి, మండల పంచాయతీ అధికారి, ఎంపీడీవో, జిల్లా పంచాయతీ అధికారి, అదనపు కలెక్టరు. తప్పు దారిలో వేసిన అర్జీ సోమవారం ప్రజావాణిలో తీసుకుంటారు, రసీదూ ఇస్తారు, ఆ తర్వాత ‘మా పరిధి కాదు’ అన్న ముక్కతో బల్లలు మారుతుంది. అర్జీ పైన రెవెన్యూ గ్రామం, పంచాయతీ, ఆవాసం మూడూ విడివిడిగా రాస్తే ఈ తిప్పట సగం తప్పుతుంది.

రెవెన్యూ దారిలో కింది మెట్టు కొన్నేళ్ళు ఖాళీగానే ఉంది. 2020లో వీఆర్వో వ్యవస్థను రద్దు చేశారు, 2023లో వీఆర్ఏలను ఇతర శాఖల్లో సర్దారు. 2025 ఏప్రిల్‌లో భూభారతి చట్టం అమల్లోకి వచ్చి ధరణి స్థానం తీసుకుంది, ఆ ఏడాది సెప్టెంబరులో గ్రామ పాలన అధికారులను నియమించారు. ఊరి భూమి గుట్టు తెలిసిన మనిషి ఐదేళ్ళు లేకపోవడం అన్ని జిల్లాలకూ నష్టమే. పట్టా భూమి, అటవీ భూమి, ప్రాజెక్టుల కింద ముంపు భూమి పక్కపక్కనే ఉన్న ఈ జిల్లాకు మరింత నష్టం.

పంచాయతీ దారిలో తరచూ పనిబడేది జనన ధ్రువపత్రానికి. పుట్టిన 21 రోజుల్లో చెబితే రుసుము లేదు. 30 రోజుల దాకా ఆలస్య రుసుముతో అక్కడే అవుతుంది. 30 రోజులు దాటి ఏడాదిలోపయితే పై అధికారి రాతపూర్వక అనుమతి కావాలి. ఏడాది దాటితే మెజిస్ట్రేట్ అధికారాలున్న రెవెన్యూ అధికారి ఉత్తర్వు కావాలి. 2023 అక్టోబరు 1 తర్వాత పుట్టినవాళ్ళకు బడిలో చేరడానికైనా ఓటరు జాబితాకైనా పుట్టిన తేదీ రుజువు ఈ పత్రమే. గూడెంలో ఇంటి దగ్గర కాన్పయిన బిడ్డకు ఆశా కార్యకర్త రాసుకున్న పుస్తకం నమోదు కాదు. దాన్ని పట్టుకుని 21 రోజుల్లోపు కార్యదర్శి దగ్గరికి వెళ్ళాల్సిందే.

2018 పంచాయతీరాజ్ చట్టం తర్వాత 500 జనాభా ఉన్న తండాలు, గూడేలు పంచాయతీలయ్యాయి. 2019 ఎన్నికల నాటికి రాష్ట్రంలో పంచాయతీలు 12,751. ‘మావ నాటె మావ రాజ్’ (మా ఊళ్ళో మా రాజ్యం) అన్న గోండి నినాదం పుట్టిన నేల మీద ఇది న్యాయమైన అడుగు, నా దృష్టిలో చాలా ఆలస్యంగా పడిన అడుగు. కానీ జనాభాకు కట్టిన నిధుల లెక్క చిన్న పంచాయతీకి ఎదురు తిరుగుతుంది. ఆర్థిక సంఘం డబ్బు తలసరిగా వస్తుంది. ఖర్చు మాత్రం తలసరిగా ఉండదు. 500 మంది ఉన్నా 5,000 మంది ఉన్నా పంచాయతీ చెత్త ట్రాక్టరు ఒకటే, దాని వాయిదా ఒకటే, డ్రైవరు ఒకడే. పైగా 2021-26 నాటి 15వ ఆర్థిక సంఘం గ్రాంటులో 60 శాతం తాగునీటికీ పారిశుద్ధ్యానికే వాడాల్సి వచ్చింది, మిగిలిన 40 శాతమే సొంత అవసరాలకు. ఇంటి పన్నంటారా, గుడిసెల ఊళ్ళో ఎంత వస్తుంది? 2024 ఫిబ్రవరిలో పాలకవర్గాల గడువు ముగిసింది, 2025 డిసెంబరులో ఎన్నికలయ్యాయి. ఆ నడుమ ప్రత్యేకాధికారుల పాలనలో, ఎన్నికైన పాలకవర్గం లేదన్న కారణంతో కేంద్ర గ్రాంటు ఆగింది. పెద్ద పంచాయతీ ఎలాగో నెట్టుకొచ్చింది. చిన్నవాటిలో కార్యదర్శులు ట్రాక్టరు డీజిలుకు చేతి డబ్బు పెట్టుకున్నారు.

షెడ్యూల్డ్ ప్రాంతం: ఊరి పేరే హద్దు

రాజ్యాంగం ఐదో షెడ్యూలు కింద 1950లో వచ్చిన రాష్ట్రపతి ఉత్తర్వులో పాత హైదరాబాద్ రాష్ట్రంలోని ఈ ప్రాంతానికి ఊళ్ళ పేర్ల జాబితా ఇచ్చారు. అంటే ఒకే మండలంలో ఒక ఊరు లోపల, దాని పక్క ఊరు బయట ఉండొచ్చు. దీని వెనక చరిత్ర ఉంది. 1940లో కెరమెరి కొండల్లోని జోడేఘాట్‌లో కుమురం భీం నిజాం పోలీసుల తూటాలకు బలయ్యాక, అసలు ఈ జనం ఎందుకు తిరగబడ్డారో తెలుసుకోవడానికి ప్రభుత్వం మానవశాస్త్రవేత్త హైమన్‌డార్ఫ్‌ను పంపింది. ఆయన మకాం పెట్టిన మార్లవాయి ఇప్పటి జైనూర్ మండలంలో ఉంది. గోండి మాట్లాడే ఉపాధ్యాయులకు శిక్షణ అక్కడే మొదలైంది. భూమి పట్టాలు, గిరిజన ప్రాంతాలకు ప్రత్యేక నిబంధనలు ఆ కృషిలోంచే వచ్చాయి. నేటి రక్షణలకు పునాది అదే.

ఊరు జాబితాలో ఉందా లేదా అన్నదాన్ని బట్టి మూడు పెద్ద విషయాలు మారతాయి. ఒకటి భూమి. 1/70 చట్టం అని జనం పిలిచే 1959 నాటి భూబదలాయింపు నిబంధనల ప్రకారం, 1970 సవరణ తర్వాత, షెడ్యూల్డ్ గ్రామంలో గిరిజనేతరుడు ఇంకో గిరిజనేతరుడికి కూడా భూమి అమ్మకూడదు. గిరిజనేతరుడి చేతిలో ఉన్న భూమి గిరిజనుడి నుంచే వచ్చిందని చట్టం ముందుగా భావిస్తుంది. కాదని రుజువు చేసుకోవాల్సింది అతనే. తెల్లకాగితం మీద ఒప్పందాలు, కౌలు పేరుతో చేతులు మారడం ఇక్కడ జరిగే మోసాలు. ఫిర్యాదు చేయాల్సింది గిరిజన సంక్షేమ ప్రత్యేక డిప్యూటీ కలెక్టరుకు, సివిల్ కోర్టుకు పరుగెత్తితే కాలయాపనే. రెండు, పంచాయతీ. షెడ్యూల్డ్ ప్రాంతంలో సర్పంచి పదవులన్నీ గిరిజనులకే, వార్డుల్లో సగానికి తగ్గకుండా. మూడు, గ్రామసభ. 1996 పెసా చట్టం (పంచాయతీ వ్యవస్థను షెడ్యూల్డ్ ప్రాంతాలకు విస్తరించిన చట్టం) ప్రకారం ఆవాసం స్థాయిలోనే గ్రామసభ ఉండాలి, ఇసుక మొదలు భూసేకరణ దాకా దాన్ని అడగాలి.

అయితే 1950 జాబితాలోని పేర్లకూ నేటి పేర్లకూ పొంతన కుదరని చోట్లున్నాయి. ఉర్దూ, మరాఠీ పలుకుబడిలో రాసిన పేరు తెలుగులోకి వచ్చేసరికి మారింది. ఊరు రెండుగా చీలి కొత్త పేరు పెట్టుకుంది. భూమి కొనేవాళ్ళూ అప్పిచ్చే బ్యాంకులూ మండలం పేరు చూసి నిర్ణయిస్తే పొరబాటు తప్పదు. గ్రామం పేరును ఉత్తర్వు జాబితాతో సరిచూసుకోవాలి.

ఐటీడీఏ ఇంకో గీత. దాని కార్యాలయం ఉట్నూరులో, అంటే పొరుగున ఉన్న ఆదిలాబాద్ జిల్లాలో ఉంది. జిల్లాలు నాలుగైనా ఐటీడీఏ ఒకటే మిగిలింది. ప్రాజెక్టు అధికారి నలుగురు కలెక్టర్లతో సమన్వయం చేసుకోవాలి. జైనూర్ వాళ్ళకు ఉట్నూరు పక్కనే. బెజ్జూర్‌లోని గిరిజనుడు మాత్రం జిల్లా ఈ కొస నుంచి ఆ కొసకు వచ్చి, హద్దు దాటాలి. కాగజ్‌నగర్ వైపు గిరిజన కుటుంబాలకు పథకాలు ఆలస్యంగా అందడానికి ఈ దూరం ఒక కారణం.

శాసనసభ హద్దు 2008 నాటిది. ఆసిఫాబాద్ గిరిజన రిజర్వుడు స్థానంలో ఉన్న నార్నూర్ మండలం ఇప్పుడు ఆదిలాబాద్ జిల్లాలో ఉంది. ఎమ్మెల్యే ఒకరు, కలెక్టర్లు ఇద్దరు. నియోజకవర్గం అంకెలను జిల్లా అంకెలుగా రాసే వార్తలు ఇక్కడ తప్పుతాయి.

అడవి గీత

పోడు పట్టాల మాట వచ్చిందంటే అన్ని గీతలూ ఒకచోటికి వస్తాయి. 2006 అటవీ హక్కుల చట్టం ప్రకారం 2005 డిసెంబరు 13కు ముందు నుంచీ సాగులో ఉన్న గిరిజనుడికి 4 హెక్టార్ల దాకా హక్కు ఉంటుంది. గిరిజనేతరుడైతే మూడు తరాలు, అంటే 75 ఏళ్ళు ఆ అడవి మీద ఆధారపడి బతికినట్టు చూపాలి. దరఖాస్తు గ్రామసభలోని అటవీ హక్కుల కమిటీకి ఇస్తారు. కమిటీ అటవీ, రెవెన్యూ సిబ్బందితో కలిసి భూమి చూస్తుంది. గ్రామసభ తీర్మానం ఆర్డీవో అధ్యక్షతన ఉండే సబ్ డివిజన్ కమిటీకి, అక్కడి నుంచి కలెక్టరు అధ్యక్షతన ఉండే జిల్లా కమిటీకి పోతుంది. కనీసం రెండు రకాల రుజువులు కావాలి. పాత జరిమానా రసీదు ఉంటే అది బలమైన రుజువు, ఎందుకంటే సాగు చేసినట్టు అటవీ శాఖే రాసిచ్చిన కాగితం అది. చాలామంది భయపడి దాన్ని చించేస్తారు, దాచుకోవాలి. పట్టా భార్యాభర్తలిద్దరి పేరనా రావాలి, వారసులకు వస్తుంది, అమ్మడానికి లేదు. తిరస్కరిస్తే కారణం రాసివ్వాలి. 60 రోజుల్లో పై కమిటీకి వెళ్ళొచ్చు. 2023 జూన్ 30న రాష్ట్రవ్యాప్త పోడు పట్టాల పంపిణీ ఆసిఫాబాద్‌లోనే మొదలైంది. రానివాళ్ళలో చాలామందికి తిరస్కరణ కాగితం చేతికి అందలేదు, అందకపోతే అప్పీలుకు దారే లేదు.

గూడేనికి రోడ్డు విషయం చూడండి. అదే చట్టం 3(2) సెక్షన్ బడి, అంగన్‌వాడీ, నీటి ట్యాంకు, రోడ్డు వంటి 13 పనులకు అటవీ భూమిని డీఎఫ్‌వో (డివిజనల్ అటవీ అధికారి) స్థాయిలోనే ఇవ్వనిస్తుంది. షరతులు: ఒక్కో పనికి ఒక హెక్టారు లోపు, హెక్టారుకు 75 చెట్లకు మించకుండా, గ్రామసభ సిఫార్సుతో. హెక్టారు అంటే 10,000 చదరపు మీటర్లు. 3.75 మీటర్ల వెడల్పు రోడ్డుకు అది 2,660 మీటర్ల దాకా వస్తుంది. పక్కల మట్టి అంచులు (బర్మ్) కలిపి ఏడున్నర మీటర్లు తీసుకుంటే 1,330 మీటర్లకే అయిపోతుంది. గూడెం అడవిలో మూడు కిలోమీటర్ల లోపల ఉంటే ఫైలు 1980 అటవీ సంరక్షణ చట్టం దారి పడుతుంది, ఏళ్ళు పడుతుంది. ఇంజనీరు అంచనా వేసేటప్పుడే అడవిలో పడే పొడవెంత, వెడల్పెంత అని విడిగా తీసుకుంటే చాలా రోడ్లు హెక్టారు లోపే సర్దుకుంటాయి. అలా కొలవకుండా మొత్తం పొడవుకు ఒకే వెడల్పు రాసి పంపడం వల్లే అనుమతులు ఆగుతాయి.

మహారాష్ట్రలోని తడోబా పులుల అభయారణ్యం నుంచి తెలంగాణలోని కవ్వాల్ అభయారణ్యానికి పులులు నడిచే దారి కూడా ఈ అడవుల్లోంచే. 2025 మే 30న కుమురం భీం కన్జర్వేషన్ రిజర్వ్ పేరుతో జీవో 49 వచ్చింది. ఆదివాసీ సంఘాలు ఎదురు తిరగడంతో జూలైలో దాన్ని నిలుపుదల చేశారు. గ్రామసభలను ముందు అడగకుండా పటం గీస్తే ఏమవుతుందో ఆ రెండు నెలల్లోనే తేలింది.

రెండు రాష్ట్రాల లెక్కలో ఉన్న ఊళ్ళు

కెరమెరి మండలంలో పరందోళి, అంతాపూర్, ముకదంగూడ, మహరాజ్‌గూడ, బోలాపటార్ వంటి పన్నెండు పద్నాలుగు ఊళ్ళను తెలంగాణ తనవంటుంది, మహారాష్ట్ర చంద్రపూర్ జిల్లా జివతి తాలూకావంటుంది. 1956లో భాషను బట్టి రాష్ట్రాలను పునర్విభజించినప్పుడు ఆదిలాబాద్ నుంచి రాజురా తాలూకా అటు వెళ్ళింది. హద్దు ఎక్కడ పడిందన్నది ఈ కొండల్లో తేలలేదు. అక్కడి కుటుంబాలకు రెండు రేషన్ కార్డులు, రెండు ఓటరు కార్డులు, రెండు బడులు, ఇద్దరు సర్పంచులు. 2019 ఏప్రిల్ 11న చంద్రపూర్, ఆదిలాబాద్ లోక్‌సభ స్థానాలకు ఒకే రోజు పోలింగ్ పడింది. 2024లో చంద్రపూర్‌కు ఏప్రిల్ 19న, ఆదిలాబాద్‌కు మే 13న పడటంతో రెండుచోట్లా ఓటేసే వీలు కలిగింది. చట్టం మాత్రం ఒకరికి ఒక్క నియోజకవర్గంలోనే నమోదును ఒప్పుకుంటుంది.

బయటివాళ్ళకు ఇది రెండు చేతులా లాభంలా కనిపిస్తుంది. అసలు కావాల్సిన భూమి పట్టా దగ్గర వాళ్ళకు రెండు రాష్ట్రాలూ చేయిచ్చాయి. అడవి ఎవరిదో తేలకుండా హక్కుపత్రం ఎవరిచ్చినా రెండోవాళ్ళు ఒప్పుకోరు. ఏ జిల్లా జనాభాలో వీళ్ళు పడతారన్నది అందుకే చిన్న ప్రశ్న కాదు.

కొత్త లెక్క దగ్గర చూసుకోవాల్సినవి

2027 జనగణనకు ప్రామాణిక క్షణం మార్చి 1 అర్ధరాత్రి, 00 గంటలు. ఇళ్ళ జాబితా 2026 ఏప్రిల్, సెప్టెంబరు మధ్య రాష్ట్రానికి 30 రోజులు, జనాభా లెక్కింపు 2027 ఫిబ్రవరిలో. ఆసిఫాబాద్ పుట్టాక ఇంటింటికీ తిరిగి చేసే మొదటి జనగణన ఇదే. పల్లెల్లో చార్జి అధికారి తహసీల్దారు. ఒక్కో లెక్కింపు బ్లాకు సుమారు 650 నుంచి 800 మంది జనాభాతో ఉంటుంది, రెవెన్యూ గ్రామం హద్దు దాటదు. కొండ మీది చిన్న గూడేలు రాలిపోయేది ఈ బ్లాకుల పటం గీసే దశలోనే. గణకుడి చేతిలోని పటంలో గూడెం పేరు లేకపోతే ఆయన అక్కడికి నడిచి వెళ్ళే అవకాశం తక్కువ. ప్రతి పంచాయతీ తన ఆవాసాల పేర్లన్నీ రాసి, ఒక్కో దానికి ఇళ్ళ సంఖ్య వేసి, తహసీల్దారుకు ఇచ్చి ముద్ర వేయించుకోవాలి.

లెక్కింపు కాలమంతా ఊళ్ళో లేనివాళ్ళను ఆ ఊళ్ళో రాయరు, ఉన్నచోటే రాస్తారు. ఫిబ్రవరిలో కూలికి పోయిన కుటుంబాన్ని పని చోట ఎవరూ అడగకపోతే ఎక్కడా లెక్కకు రారు. గణకుడు తెగ పేరు అడిగినప్పుడు ‘గిరిజనుడు’ అని ఊరుకోకుండా కొలాం, తోటి, పర్ధాన్, గోండు, నాయకపోడ్ అని తమ తెగ పేరే చెప్పాలి. కొలాములను గోండులతో కలిపి రాస్తే జన్‌మన్ లాంటి పథకాల వాటా అక్కడే పోతుంది. మాతృభాష గడిలో చిన్నప్పుడు తల్లి తమతో మాట్లాడిన భాష, గోండి అయితే గోండి, కొలామీ అయితే కొలామీ అని రాయించాలి. బడిలో నేర్చిన తెలుగో మరాఠీయో ‘తెలిసిన ఇతర భాషలు’ గడిలోకి పోతుంది. గణకుడు చాలాసార్లు వేరే మండలం నుంచి వచ్చిన ఉపాధ్యాయుడే అవుతాడు, ఇంట్లో పెద్దావిడ మాట అర్థం కాక తనకు తోచింది నింపే ప్రమాదం ఉంది. గూడెంలో చదువుకున్న కుర్రాడొకడు ఆ రోజు ఆయన వెంట నడిచి, ప్రతి ఇంటి దగ్గరా ఏం రాశారో చదివించుకుంటే చాలు.